బయానా కాగితం, రెండు చట్టాలు

మూసారాంబాగ్‌కు ఆ పేరు నిజాం కొలువులోని ఫ్రెంచి సేనాని రేమండ్ వల్ల వచ్చిందంటారు. ఇప్పుడక్కడ భూమి గజాల లెక్కన అమ్ముడుపోతోంది. బయానా తీసుకుని అగ్రిమెంటు రాసినవాడు మాట తప్పితే, కొనేవాడు 1963 నాటి నిర్దిష్ట ఉపశమన చట్టం కింద సివిల్ కోర్టుకు వెళ్తాడు. అగ్రిమెంటులో రాసుకున్న గడువు నుంచి మూడేళ్ళలోపు దావా వేయాలి. మిగతా సొమ్ము కట్టడానికి తాను సిద్ధమని చూపాలి.

మన ఏజెన్సీలో లెక్క వేరు. అప్పుల కింద గిరిజనుల భూములు షావుకార్ల పాలవుతుంటే 1917లో మద్రాసు ప్రభుత్వం ఏజెన్సీ భూబదలాయింపు చట్టం తెచ్చింది. తర్వాత 1959 నిబంధన వచ్చింది. 1963లో దాన్ని తెలంగాణ ఏజెన్సీకీ వర్తింపజేశారు. మనం 1/70 అని పిలుచుకునే 1970 సవరణ ఇంకా ముందుకెళ్ళింది. అమ్మేవాడు ఎవరైనా సరే, గిరిజనేతరుడికి భూమి బదిలీ చేస్తే అది చెల్లదంది. 1988లో పి. రామిరెడ్డి కేసులో సుప్రీంకోర్టు దీన్ని సమర్థించింది.

కీలకమంతా 'బదిలీ' అన్న మాటలో ఉంది. అమ్మకం, తాకట్టు, కౌలు మాత్రమే కాదు, వాటి కోసం రాసుకున్న ఒప్పందం కూడా బదిలీయే. నగరంలో దావాకు ఆధారమయ్యే కాగితమే ఏజెన్సీలో చెల్లని కాగితం. అది చూపి ఎవరైనా బెదిరిస్తే భయపడనక్కరలేదు. భూమి తిరిగి ఇప్పించమని స్పెషల్ డిప్యూటీ కలెక్టర్ దగ్గర అర్జీ పెట్టవచ్చు.

అయితే షెడ్యూల్డ్ ప్రాంతం దాటితే 1/70 వర్తించదు. మైదాన తండాలో పట్టా భూమి అమ్మే గిరిజనుడికైనా, మూసారాంబాగ్‌లో ప్లాటు కొనే గిరిజన ఉద్యోగికైనా సివిల్ చట్టమే దిక్కు. అందుకే వేలిముద్ర వేసే ముందు ఊరు ఏ గీతలో ఉందో చూసుకోవాలి. ఈ తేడాను మన బడుల్లో పాఠంగా చెప్పాలి.