షాట్‌గన్‌కు స్కోప్ ఎందుకు పెట్టరు?

మహబూలాలో మన పిల్లలు వీడియో గేముల్లో పంప్ యాక్షన్ షాట్‌గన్‌కు స్కోప్ తగిలించడం చూస్తుంటాను. అసలు సంగతి వేరు.

షాట్‌గన్ నుంచి చిన్న గుళ్లు గుంపుగా వెళ్లి, దూరం పెరిగేకొద్దీ విస్తరిస్తాయి. ఎగిరే గురిని కొట్టాలంటే రెండు కళ్లూ తెరిచి చుట్టూ చూడాలి. స్కోప్ గురిని పెద్దది చేసి చూపిస్తుంది, కానీ చూపు పరిధిని కుదిస్తుంది. ముఖ్యంగా స్లగ్ అనే ఒంటి గుండు వాడే వేటలోనే అది పనికొస్తుంది. తుపాకీ వెనక్కి తన్నినప్పుడు కనుబొమ పగలకుండా కంటికీ స్కోపుకూ మధ్య సుమారు 3 అంగుళాలు ఎడం ఉంచుతారు.

ఒలింపిక్స్ షాట్‌గన్ పోటీల్లో స్కోపుకూ, పంప్ యాక్షన్‌కూ అనుమతి లేదు. కువైట్‌కు చెందిన ఫెహైద్ అల్ దీహానీ 2016 రియోలో డబుల్ ట్రాప్ స్వర్ణం గెలిచింది స్కోప్ లేకుండానే. అక్కడే మన హైదరాబాదీ కైనాన్ చెనాయ్ ట్రాప్‌లో పోటీపడ్డారు.

కువైట్‌లో లైసెన్స్ లేకుండా తుపాకీ, తూటాలు ఉంచుకోవడం నేరం. ఎక్కడైనా తూటా కనబడితే ముట్టుకోకుండా పెద్దవాళ్లకు చెప్పాలని పిల్లలకు నేర్పండి. ఊరి నుంచి వచ్చేటప్పుడు సామానులో ఆటకు దాచుకున్న ఖాళీ తూటా కూడా లేకుండా చూసుకోండి.