మకరం నుంచి గొజిరా దాకా

నంద్యాల నుంచి ఆళ్ళగడ్డకు సాగే దారిలో సముద్రం ఊసే ఉండదు. ఒకవైపు నల్లమల కొండలు, మరోవైపు కుందూ నది తడిపే పొలాలు. అయినా ఈ నేల ఒకనాడు సముద్రగర్భమే. భూవిజ్ఞాన గ్రంథాలలో నంద్యాల పేరుతోనే ఒక పలకరాతి పొర ఉన్నది. కోవెలకుంట్ల పేరుతో ఒక సున్నపురాతి పొర ఉన్నది. బెలుం గుహలను నీరు తొలిచింది కూడా ఇటువంటి సున్నపురాతిలోనే. ఇవన్నీ యాభై కోట్ల ఏళ్ళకు పూర్వం, పెద్ద జంతువులేవీ ఇంకా పుట్టని కాలంలో, సముద్రం అడుగున పేరుకున్న మడ్డి గట్టిపడి ఏర్పడ్డవి. అంటే ఇక్కడ సముద్రం ఉన్ననాడు అందులో మహాజంతువు లేదు. సముద్రం తరలిపోయిన తరువాత ఆ జంతువు వచ్చింది... శిల్పి ఉలి మొనన!

ఆళ్ళగడ్డ శిల్పులు ప్రసిద్ధులు. ఆ ఊరి రాతి చెక్కడానికి భౌగోళిక గుర్తింపు కూడా లభించింది. దేవతామూర్తి వెనుక వారు చెక్కే తోరణాన్ని గమనించండి. రెండు కొసలా రెండు వింత జీవులుంటాయి. మొసలి దవడలు, ఏనుగు తొండం, చేప దేహం, తోక ఉండవలసిన చోట లతలల్లిన అలంకారం. అదే మకరం. గంగకూ వరుణునికీ వాహనం, మన్మథుని ధ్వజచిహ్నం, పన్నెండు రాశులలో ఒకటి. సముద్రాన్ని ఎన్నడూ చూడని పల్లెవాసి కూడా దానిని గుడిలో చూసే ఉంటాడు.

నీటిలోని మహాకాయాన్ని ఊహించడంలో మనవారు ఎవరికీ తీసిపోలేదు. తిమి ఒక పెనుచేప. దానిని మింగేది తిమింగిలం. దానినీ మింగేది తిమింగిలగిలం! పోతన భాగవతం అష్టమస్కంధంలోనే నీటి మహాజీవాలు రెండున్నాయి. గజేంద్రుని కాలు పట్టిన మొసలి ఒకటి. సత్యవ్రతుని దోసిట చిరుచేపగా చేరి, పాత్రకు పట్టక, కొలనుకు పట్టక, చివరికి సాగరమంతగా పెరిగిన మత్స్యమూర్తి మరొకటి. ఒకటి ప్రాణాంతకం, ఇంకొకటి ప్రాణరక్షకం. రెండూ నీటినుంచి వచ్చినవే.

ఈ జీవులు మనదేశంలోనే నిలిచిపోలేదు. బౌద్ధంతో పాటు మకరం మధ్యాసియా, చైనాల మీదుగా తూర్పుకు ప్రయాణించింది. జపానులో కోటల కప్పు కొసల మీద షాచిహోకో అనే ప్రతిమ కనిపిస్తుంది. పులి తల, చేప ఒడలు, పైకెత్తిన తోక. అగ్నిప్రమాదం నుంచి కట్టడాన్ని కాపాడుతుందని నమ్మకం. దాని మూలం మన మకరమేనని కళాచరిత్రకారులు పలువురు భావిస్తారు. షికోకు ద్వీపంలో నావికులు కొలిచే కొంపిరా దేవుని సంగతి మరింత స్పష్టం. ఆ పేరు సంస్కృత 'కుంభీర' శబ్దమే. కుంభీరమంటే మొసలి. ఆ దేవుడు వెలసిన కొండ పేరు జోజుసాన్, అంటే ఏనుగుతల కొండ! ఏనుగుతల కొండ మీద మొసలి దేవుడు... గజేంద్రమోక్షం చదివిన తెలుగువాడు అక్కడికి వెళ్తే ఒక్కక్షణం ఆగిపోకుండా ఉండగలడా?

ఇక 1954 సంగతి. ఆ ఏడాది మార్చి 1న పసిఫిక్ సముద్రంలోని బికినీ దీవి వద్ద అమెరికా ఒక ఉదజని బాంబును పరీక్షించింది. అనుకున్నదానికంటే అది ఎంతో తీవ్రంగా, 15 మెగాటన్నుల శక్తితో పేలింది. ఆ సమీపంలో చేపలు పడుతున్న జపాను పడవ పేరు 'అయిదవ అదృష్ట డ్రాగన్'. పడవలోని 23 మంది మీద తెల్లని బూడిద మంచులా రాలింది. అందరూ జబ్బుపడ్డారు. రేడియో ఆపరేటరుగా పనిచేసిన కుబొయామా అయికిచి సెప్టెంబరు 23న కన్నుమూశాడు. జపాను బజారులలో చేపలను ముట్టడానికే జనం భయపడ్డారు.

ఆ నవంబరు 3న తోహో సంస్థ 'గొజిరా' చిత్రాన్ని విడుదల చేసింది. సముద్రం మీద ఒక మెరుపు, మంటలలో మునిగే ఒక పడవ... చిత్రం మొదలయ్యేది అలాగే. ప్రేక్షకులకు వేరే వ్యాఖ్యానం అక్కరలేకపోయింది. దర్శకుడు హోండా ఇషిరో యుద్ధం ముగిశాక చైనాలో బందీగా ఉండి తిరిగివస్తూ హిరోషిమా శిథిలాలను కళ్ళారా చూసినవాడు. గొజిరా అన్న పేరు ఎలా పుట్టిందో తెలుసునా? గొరిల్లాలోని 'గొ', జపాను భాషలో తిమింగిలానికి పేరైన 'కుజిరా'లోని 'జిరా'. ఏనుగునూ మొసలినీ చేపనూ కలిపి మన శిల్పి మకరాన్ని చేసినట్లే, కోతినీ తిమింగిలాన్నీ కలిపి వారు ఈ పేరు చేశారు. వందకిలోల బరువున్న రబ్బరు తొడుగులో నకజిమా హారువో అనే నటుడు చెమటోడుస్తూ నడిచాడు. త్సుబురాయా ఏజి బొమ్మనగరాలను నిర్మించి వాటిని ఆ కాళ్ళకింద నలిపించాడు. తోలు చేతొడుగుతో వాద్యపు తీగలను రుద్ది సంగీత దర్శకుడు ఇఫుకుబే అకిరా ఆ గర్జనను పుట్టించాడు.

ఆ తరువాత సముద్రం నుంచి వరుసగా మృగాలు లేచాయి. 1966 నాటి చిత్రంలో ఎబిరా అనే మహారొయ్య వచ్చింది. 'ఎబి' అంటే రొయ్య అనే అర్థం. 1964 చిత్రంలో గొజిరా నగోయా కోట మీద పడి దానిని కూల్చివేస్తుంది. ఆ కోట శిఖరాన ఉన్నవి ప్రఖ్యాతమైన బంగారు షాచిహోకోలు. అవి 1945 బాంబుదాడిలో నిజంగానే కోటతోపాటు కాలిపోగా 1959లో మళ్ళీ నిలిపారు. నా దృష్టిలో ఆ సన్నివేశం కేవలం వినోదం కాదు. పాత సముద్రమృగం ఇంటిని కాపాడడానికి కప్పునెక్కి కూర్చున్నది. కొత్త సముద్రమృగం వచ్చి ఆ ఇంటినే కూల్చింది.

మకరానికీ గొజిరాకూ ఉన్న అంతరం ఇక్కడే ఉన్నదని నాకు తోస్తుంది. మకరం ప్రకృతి పట్ల మనిషికున్న భయం. శిల్పి ఆ భయానికి ఒక కొలత ఇచ్చి, ఒక చోటిచ్చి, దేవుని చుట్టూ తోరణంగా వంచాడు. అహోబిలంలో ఉగ్రనరసింహుడు కూడా అంతే. మనిషీ సింహమూ కలిసిన ఆ మహోగ్రరూపం ప్రహ్లాదుని ముందు చల్లబడుతుంది, చెంచులక్ష్మిని పెళ్ళాడి ఆ అడవి ప్రజల అల్లుడౌతుంది. గొజిరాను శాంతింపజేసే ప్రహ్లాదుడు లేడు. అతడు ప్రకృతి నుంచి వచ్చిన భయం కాదు, మనిషి చేతుల నుంచి వచ్చినవాడు. చిత్రంలో అతనిని చంపగల మందును కనిపెట్టిన సెరిజావా అనే శాస్త్రజ్ఞుడు ఆ రహస్యం రేపు మరో ఆయుధమౌతుందని వణికిపోతాడు. తన కాగితాలన్నీ కాల్చివేసి, మృగంతోపాటే సముద్రం అడుగున ప్రాణం విడుస్తాడు. మృగం చచ్చినా చిత్రం విజయోత్సాహంతో ముగియదు. పరీక్షలు ఆగకపోతే ఇంకొకటి రావచ్చునని ముసలి ఆచార్యుడు హెచ్చరిస్తాడు. 1956లో అమెరికాలో విడుదలైన రూపంలో అణుబాంబు ప్రస్తావనలు చాలావరకు పలచబడిపోవడం గమనించదగ్గది.

ఇదంతా దూరదేశపు ముచ్చట అనుకోవడానికి లేదు. కడప జిల్లా తుమ్మలపల్లెలో యురేనియం గని ఉన్నది. 2019లో ఆళ్ళగడ్డ ప్రాంతంలోనూ యురేనియం కోసం బోర్లు వేస్తున్నారని తెలిసి రైతులు ఆందోళనకు దిగారు. వారి భయం నీటి గురించి. ఏడాది పొడవునా తేటనీటితో నిండే మహానంది కోనేరును చూసిన వారికి ఆ భయం ఎంత లోతైనదో చెప్పనవసరం లేదు. బికినీ దీవిలో పేలిన దానికీ ఈ బోరు రంధ్రాలకూ పోలిక తెచ్చి బెదరగొట్టడం నా ఉద్దేశం కాదు. విద్యుత్తు కావాలనేవారి వాదంలోనూ న్యాయమున్నది. కాని సముద్రం అడుగున నిద్రించే దానిని లేపేముందు ఎవరిని అడగాలన్న ప్రశ్న రెండుచోట్లా ఒక్కటే.

ఆళ్ళగడ్డ శిల్పికి ఆ జవాబు తెలుసునేమో. అతడు మకరాన్ని చెక్కేటప్పుడు నోరు పూర్తిగా తెరచే చెక్కుతాడు. కోరలు దాచడు. అయితే దాని దేహాన్ని మాత్రం తోరణపు హద్దు దాటనివ్వడు. శక్తిని లేదనడం కాదు, దానికి హద్దు గీయడం ఆ విద్య. గొజిరా కథ ఆ హద్దు చెరిగిన నాటి కథ. ఈసారి ఏ గుడిలోనైనా దేవుని దర్శనం అయ్యాక, ఒక్క నిమిషం ఆగి తోరణం కొసన ఉన్న ఆ ప్రాణిని కూడా పలకరించి రండి. సముద్రాలు దాటిన బంధువర్గం ఉన్నది దానికి!