ఒక విమర్శకుని తీర్పులు: ఫ్రెడ్రిక్ బూక్

నోబెల్ బహుమానమనగానే మనకు ముందుగా స్ఫురించునది 1913వ సంవత్సరము, రవీంద్రుని పేరు. కాని సాహిత్యమున ఆ బహుమానమును నిర్ణయించు స్వీడిష్ అకాడమీ సభ్యులు పదునెనిమిదిమంది యెవరో, వారెట్లు చదువుదురో మనము విచారించుట అరుదు. అట్టి సభ్యులలో ఒకని కథను శ్రోతలకు చెప్పదలచితిమి. రవీంద్రుని నాటికి ఈయన అకాడమీలో లేడు. ఆ పుణ్యము హైడెన్‌స్టామ్, హాల్‌స్ట్రోమ్ మున్నగువారిది.

ఫ్రెడ్రిక్ బూక్ 1883లో దక్షిణ స్వీడను నందలి క్రిస్టియన్‌స్టాడ్ పట్టణమున జన్మించెను. లుండ్ విశ్వవిద్యాలయమున చదివి, తన దేశమున 1809 వరకు నవల పెరిగిన తీరును గూర్చి గ్రంథము వ్రాసి, 1907లో డాక్టరేటు పొందెను. పిమ్మట స్టాక్‌హోమ్ పత్రిక స్వెన్‌స్కా డాగ్‌బ్లాడెట్‌కు విమర్శకుడయ్యెను. 1920లో లుండ్‌లోనే సాహిత్యచరిత్రకు ఆచార్యుడై, నాలుగేండ్లకే ఆ పీఠమును విడిచెను. తరగతి గదికన్న పత్రికాపుటయే ఆయనకు ప్రియమని మాకు తోచును. టెగ్నేర్, స్టాగ్నేలియస్ వంటి పూర్వకవులను గూర్చి ఆయన వ్రాసిన గ్రంథములు పేరెన్నికగన్నవి. 1922లో అకాడమీ ఆయనను చేర్చుకొనెను.

1929లో బహుమానము జర్మన్ నవలాకారుడు థామస్ మాన్‌కు దక్కెను. బహుమాన పత్రమున ప్రధానముగా పేర్కొన్నది మాత్రము ‘బుడెన్‌బ్రూక్స్’. ల్యూబెక్ పట్టణపు వర్తక కుటుంబము నాలుగు తరములలో క్షీణించిన కథ అది. 1901లో మాన్ ప్రకటించిన నవల. 1924లో వెలువడిన ‘మాంత్రిక పర్వతము’ ఊసే ఆ పత్రమున లేదు. క్షయరోగుల ఆరోగ్యశాలకు మూడు వారములకై వెళ్ళిన యువకుడు ఏడేండ్లు నిలిచిపోవు ఆ నవల బూక్‌కు రుచింపలేదు. మాన్‌కు ఆ సంగతి తెలియును; మనసున నొచ్చుకొనెను కూడ. విచిత్రమేమనగా, బహుమాన సభలో మాన్‌ను ప్రశంసించుచు ప్రసంగించినవాడు బూకే!

ఇంతటితో ఆగిన, ఇది అభిరుచిభేదమని యూరకుందుము. కాని ఆయన ప్రేమించిన జర్మనీ పాత గ్రంథముల జర్మనీ. కండ్లయెదుట మారిన దేశమును గూడ ఆ ప్రేమతోనే చదివెనని మా యభిప్రాయము. హిట్లరు అధికారమునకు వచ్చిన 1933లోనే అచటికి పోయి వచ్చి పుస్తకము వ్రాసెను. ఆ యేటనే మాన్ ప్రవాసి యయ్యెను. 1940లో, ఇరుగుపొరుగు దేశములైన నార్వే, డెన్మార్కులు జర్మన్ సేనల వశమైన పిమ్మట, బూక్ లుండ్‌లో ప్రసంగించుచు జర్మనీ పక్షము వహించెను. పదములోని సూక్ష్మస్వరమును పట్టగల చెవి, పొరుగింటి ఆర్తనాదమును వినలేదు. స్వదేశమున పలువురు దానిని క్షమింపలేదు.

యుద్ధానంతరము ఆయన కలము ఆగలేదు. హైడెన్‌స్టామ్ జీవితమును రెండు సంపుటములుగా వ్రాసెను. అకాడమీ సభ్యత్వము యావజ్జీవము గనుక, 1961లో మరణించువరకు ఆ యాసనము ఆయనదిగానే యుండెను.