నేలపట్టు: చట్టానికి ముందు

నాయుడుపేట నుండి సూళ్ళూరుపేట వెళ్ళే రైలుదారిలో దొరవారిసత్రం వస్తుంది. నేలపట్టు చెరువు దానికి దగ్గరే. 1976లో ప్రభుత్వం ఈ చెరువునూ, ఆనుకొని ఉన్న చిట్టడవినీ కలిపి సుమారు 459 హెక్టార్లను పక్షుల అభయారణ్యంగా ప్రకటించింది. అప్పట్లో ఇది నెల్లూరు జిల్లా. 2022లో తిరుపతి జిల్లాలో చేరింది.

అయితే ఈ చరిత్రను 1976తో మొదలుపెట్టడం నాకు న్యాయమనిపించదు. గూడబాతులు పులికాట్ సరస్సులో చేపలు పట్టుకొని వచ్చి, ఇక్కడి కడప చెట్ల మీద గూళ్ళు కట్టి పిల్లలను పెంచుతాయి. ఆ చెట్లు నీటిలోనే నిలిచి ఉంటాయి కనుక నక్కల బెడద తక్కువ. పక్షుల రెట్టలు కలిసిన చెరువు నీరు పొలాలకు ఎరువు. ఆ మేలు తెలిసిన రైతులు వాటిని తరిమివేయలేదు. చట్టం ఆ పాత ఒప్పందానికి ముద్ర మాత్రమే వేసింది.

చూడవచ్చినవారు పక్షులను చూసి వెళ్ళిపోతారు. గట్టు పక్కనున్న చిట్టడవి ఎవరి కంటా పడదు. ఏడాదంతా పచ్చగా ఉండే ఇటువంటి పొడి అడవి కోరమండల్ తీరంలో ఇప్పుడు అక్కడక్కడా తునకలుగానే మిగిలింది.

వానలు తప్పి చెరువు నిండని ఏడు గూళ్ళు పలచబడతాయి. కంచె అడవిని కాపాడగలదు. చెరువుకు నీరు తెచ్చే వాగులను కాపాడవలసింది మాత్రం మనుషులే.