బేరం కుదరని ముగింపు

1966 డిసెంబర్ 14, రాజ్ కపూర్ పుట్టినరోజు. ఆ రోజే బొంబాయిలో హిందీ సినిమా పాటల కవి శైలేంద్ర కన్నుమూశాడు. 43 ఏళ్లు.

వాళ్ల పరిచయం బేరంతోనే మొదలైంది. రైల్వే వర్క్‌షాపులో పనిచేస్తూ ప్రజా నాటక సంఘం ఇప్టా సభల్లో కవిత్వం చదివే కుర్రాడు శైలేంద్ర. దేశ విభజన రోజుల్లో పంజాబ్ తగలబడిపోతుంటే రాసిన కవిత విని రాజ్ కపూర్ కొంటానన్నాడు. నా కవిత్వం అమ్మకానికి లేదు పొమ్మన్నాడు. తర్వాత భార్య కడుపుతో ఉన్న రోజుల్లో చేతిలో పైసా లేక తనే వెళ్లాడు. 'బర్సాత్'కు రెండు పాటలు, 500 రూపాయలు.

ఆ పైన పదిహేడేళ్లు దేశం అతని మాటలే పాడుకుంది. 'ఆవారా' పాట సోవియట్ వీధుల దాకా పోయింది. 'శ్రీ 420', 'మధుమతి', 'బందిని', 'గైడ్'... నిఘంటువు తిరగేయాల్సిన మాట వాటిలో వెతికినా దొరకదు. బండి తోలేవాడు పాడుకునే మాటలే అన్నీ.

బండి తోలేవాడే చివరికి అతని కొంప ముంచాడు. ఫణీశ్వరనాథ్ రేణు కథ 'మారే గయే గుల్ఫామ్' మీద మనసు పడి, తనే నిర్మాతగా 'తీస్రీ కసమ్' మొదలుపెట్టాడు శైలేంద్ర. ఎడ్లబండి హీరామన్‌గా రాజ్ కపూర్. పుచ్చుకున్నది ఒక్క రూపాయి. నౌటంకీ ఆడే హీరాబాయిగా వహీదా రెహమాన్, మన 'రోజులు మారాయి'లో ఏరువాక పాటకు ఆడిన పిల్లే. కెమెరా దగ్గర సత్యజిత్ రాయ్ మనిషి సుబ్రత మిత్ర. లెక్కలు చూసుకునేవాడు మాత్రం లేడు. షూటింగ్ ఏళ్ల తరబడి సాగింది, దాంతోపాటే అప్పు.

కథలో ఇద్దరూ రైల్వే స్టేషన్‌లో విడిపోతారు. కలిపెయ్యి, సినిమా ఆడుతుందన్నారు కొనేవాళ్లు. రాజ్ కపూర్ మాటా అదేనంటారు. శైలేంద్ర ఒప్పుకోలేదు. అవసరానికి పాటలమ్మినవాడు ఈ ముగింపును ఎంతకీ ఇవ్వలేదు. వ్యాపారానికి అది తప్పే. కానీ హీరాబాయి ఆ రైలు ఎక్కకపోతే అది రేణు కథ కాదు.

సినిమా వచ్చిందని తెలిసేలోపే పోయింది. అప్పులు, తాగుడు కలిసి మనిషిని తీసుకుపోయాయి.

ఆ ఏటి ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణ పతకం 'తీస్రీ కసమ్'కే దక్కింది, అతను పోయాక. 'బ్రహ్మచారి' పాటకు మూడో ఫిలింఫేర్ కూడా పోయాకే. 'మేరా నామ్ జోకర్' కోసం ఒక పాటకు పల్లవి రాసి ఉంచాడు. చరణాలు కొడుకు శైలీ శైలేంద్ర రాశాడు.