నాగలి విరగ్గొట్టి తీగను పైకెక్కించిన కథ

బోరు మోటారు కేబుల్ పూడ్చి చేతులు దులుపుకునే ముందు ఇది చదవండి.

1843లో వాషింగ్టన్ నుంచి బాల్టిమోర్ దాకా టెలిగ్రాఫ్ లైను వేయమని అమెరికా ప్రభుత్వం మోర్స్‌కి 30,000 డాలర్లు ఇచ్చింది. తీగల్ని సీసం గొట్టంలో పెట్టి భూమిలో వేయాలనుకున్నారు. నాగళ్లు అమ్ముకునే ఎజ్రా కార్నెల్ అందుకోసం ఒక నాగలే తయారుచేశాడు. చాలు తీస్తూ, గొట్టం దింపుతూ పోతుందది. (మన ట్రాక్టరుకి ఉంటే ఎంత బాగుండు!) కానీ తీగల ఇన్సులేషన్ చెడిపోయి కరెంటు లీకయ్యేది. పత్రికలకి తెలియకుండా పని ఆపాలన్నాడు మోర్స్. కార్నెల్ కావాలనే నాగలిని బండకేసి విరగ్గొట్టాడు! తర్వాత తీగలు స్తంభాలెక్కాయి, 1844 మేలో లైను పలికింది.

1882లో ఎడిసన్ న్యూయార్కులో కరెంటును భూమిలోనే నడిపాడు. ఇనుప గొట్టాల్లో రాగి కడ్డీలు, చుట్టూ తారు లాంటి ముద్ద. సుమారు 20 అడుగులకో అతుకు, ప్రతి అతుక్కీ ఒక ఇనుప పెట్టె, దాన్నిండా అదే ముద్ద. నా లెక్కలో ఆయన గొప్పతనం బల్బు కంటే ఆ పెట్టెలోనే ఉంది.

మనమో, టేపు చుట్టిన జాయింటు మీద మట్టి కప్పేస్తాం, అదీ ఉత్త కాళ్లతో తిరిగే తడి చేలో. వీలైతే ఒకే ముక్క కేబుల్ వేయండి. జాయింటు తప్పదంటే రెసిన్ పోసే కిట్ వాడండి, లేదా నేలపైన పెట్టెలో పెట్టించండి. మెయిన్ ఆపి, లైసెన్సున్న ఎలక్ట్రీషియన్‌తోనే చేయించండి. మట్టి కప్పకముందే మెగ్గర్ పెట్టి చూడమనండి.