మచ్చల రెక్కల దోమ

1895లో సికింద్రాబాద్ కంటోన్మెంట్‌కు చేరిన సైనిక వైద్యుడు రొనాల్డ్ రాస్ దగ్గర ఒక సూక్ష్మదర్శిని ఉంది. లండన్‌లో పాట్రిక్ మాన్సన్ ఆయన మనసులో నాటిన ఊహ ఒకటి ఉంది. మలేరియా క్రిమి మనిషి నెత్తురులో ఉంటుందని 1880లోనే లావెరాన్ చూపించాడు. అది దోమలోకి చేరుతుందని మాన్సన్ నమ్మకం. రాస్ దగ్గర లేనిదల్లా ఏ దోమ ఏదో చెప్పే పుస్తకం.

అందుకని కంటికి కనిపించిన గుర్తుల్ని బట్టి తానే పేర్లు పెట్టుకున్నాడు. బూడిదరంగు దోమ, చారల దోమ, మచ్చల రెక్కల దోమ. మొదటి రెండూ ఇళ్ల చుట్టూ కావలసినన్ని దొరికేవి. వాటినే రోగుల చేత కుట్టించి, పొట్ట కోసి, కణం కణం వెతికాడు. దాదాపు రెండేళ్ల శ్రమకు ఫలితం లేకపోయింది. వెతికే తీరులో లోపం లేదు. చేతిలో ఉన్న దోమే వేరు.

1897 ఆగస్టు. బేగంపేట ఆసుపత్రి గదిలో ఊపిరాడని ఉక్క. పంకా వేయిస్తే కోసిపెట్టిన దోమ ముక్కలు ఎగిరిపోతాయి. చెమటకు సూక్ష్మదర్శిని మరలు తుప్పుపట్టాయి. అలాంటి రోజుల్లో దోమపిల్లల్ని పట్టే మనిషి ఒకడు ఒక సీసా తెచ్చిచ్చాడు. అందులోంచి లేచినవి గోధుమరంగు ఒళ్లూ మచ్చల రెక్కలూ ఉన్న దోమలు. 16న వాటిని హుసేన్ ఖాన్ అనే మలేరియా రోగి మీద వదిలారు. కుట్టిన దోమకు ఒక అణా చొప్పున, పది దోమలకు పది అణాలు ఆయనకు ముట్టాయి.

20వ తేదీన, మిగిలిన కొద్ది దోమల్లో ఒకదాని కడుపు గోడలో గుండ్రటి కణాలు కనిపించాయి. వాటిలో మలేరియా క్రిమికి ఉండే నల్లటి రేణువులే ఉన్నాయి. మర్నాడు మరో దోమను కోస్తే ఆ కణాలు ఇంకా పెద్దవయ్యాయి. అంటే క్రిమి దోమలో బతికి, పెరుగుతోందన్నమాట. డిసెంబరు 18న ఈ సంగతి బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో అచ్చయింది.

మరుసటి ఏడు కలకత్తాలో పిట్టల మలేరియాను పట్టుకున్నాడు. అక్కడ పనికొచ్చింది, సికింద్రాబాద్‌లో నిరాశపరచిన బూడిదరంగు దోమే. 1898 జులైలో క్రిమి దాని లాలాజల గ్రంథుల్లోకి చేరడం చూశాడు. కాటుతో రోగం ఎలా అంటుతుందో తేలిపోయింది. అదే ఏడాది ఇటలీలో గ్రాసీ బృందం మనుషుల మలేరియాను మోసేది అనాఫిలిస్ దోమ అని రుజువు చేసింది. రాస్ చెప్పిన మచ్చల రెక్కలది ఆ జాతిదే. 1902లో రాస్‌కు నోబెల్ బహుమతి వచ్చింది.

ఆయన విడదీసిన మూడు రకాలూ నేటికీ తెలుగువాళ్ల ఇళ్లలో ఉన్నాయి. బూడిదరంగుది క్యూలెక్స్. మురుగు నీటిలో పుట్టి, రాత్రిపూట కుట్టి, బోదకాలు తెస్తుంది. నల్లటి ఒంటిమీద తెల్లచారలున్నది ఏడిస్. కూలర్లు, పూలకుండీలు, పాత టైర్లు, కొబ్బరి చిప్పల్లో నిలిచిన నీరు దీనికి చాలు. పగలు కుట్టి డెంగీ, చికున్‌గున్యా అంటిస్తుంది. అనాఫిలిస్‌లో మళ్లీ తేడాలున్నాయి. పట్టణాల్లో బావుల్నీ మిద్దె మీది ట్యాంకుల్నీ పట్టుకునేది ఒకటి, పల్లెల్లో కాలువల్నీ నీటి గుంటల్నీ పట్టుకునేది ఒకటి, ఏజెన్సీ కొండవాగుల్లో పెరిగేది మరొకటి. మురుగు కాలువలో ఎంత మందు కొట్టినా ట్యాంకులోని దోమ తగ్గకపోవడానికి కారణం ఇదే.

గోడ మీద వాలినప్పుడు క్యూలెక్స్ ఒళ్లు గోడకు సమాంతరంగా ఉంటుంది; అనాఫిలిస్ తోక పైకెత్తి ఏటవాలుగా నిలుస్తుంది. నీళ్లలో క్యూలెక్స్ పిల్ల శ్వాసగొట్టాన్ని పైకి పెట్టి తలకిందులుగా వేలాడుతుంది. అనాఫిలిస్ పిల్లకు ఆ గొట్టం ఉండదు గనుక నీటి మీద బల్లపరుపుగా తేలుతుంది. ఇంట్లో తొట్టి మూత తీసి ఒక్క నిమిషం చూస్తే చాలు, ఆ తేడా మామూలు కంటికే తెలుస్తుంది.